డీజిల్ చెలకలో తీజ్

కంపెనీ కాపలావాడు నాగలి జోలికి రాలేదు. కొడవలి తీసి ఎడ్ల మెడ పలుపులు కోసేశాడు. కాడి జారి కింద పడింది. బెదిరిన ఎడ్లు తండా వైపు పరుగు తీశాయి. మేడి పట్టుకున్న సక్రి చేతులు పట్టుకున్నట్టే ఉండిపోయాయి.

"ఏందిరా ఇది? మా చెలక మేం దున్నుకుంటే నీ సొమ్మేం పోయింది?" అని అరిచింది.

"ఎవళ్ల చెలక? బోర్డు కండ్లబడ్తలేదా?" అన్నాడు వాడు. "కంపెనీ తోట ఇది. నడువుండ్రి, జల్దీ నడువుండ్రి!"

తోటట! ఏం తోటో వినండి. గట్టు కింద నుంచి వాగు ఒడ్డు దాకా ఎండిన కట్టెలు. ఆకు లేదు, కాయ లేదు. మేక కూడా మూతి పెట్టని అడవి ఆముదం మోళ్లు. ఆ మోళ్లకు కాపలా కాయడానికి కంపెనీ మనుషులు, ఆ మనుషులకు కాపలా కాయడానికి ఒక జీపు పోలీసులు. తండాలో పిల్లలకు గటక దొరకదు గానీ చచ్చిన చెట్లకు మాత్రం పహరా ఉంది.

సక్రి అత్త సోమ్లి ఎవరి మాటా వినలేదు. అడవి కొట్టి ఈ చెలక చేసిన తరంలో తండాకు మిగిలిన ఒకే ఒక్క మనిషి ఆమె. ఒడిలోంచి పిడికెడు జొన్నలు తీసింది. తడి ఉన్న చోట చల్లుకుంటూ ముందుకు నడిచింది. కాపలావాడు వెళ్లి ఆ పిడికిలి పట్టుకున్నాడు. ముసలిది విప్పలేదు. వాడు మెలి తిప్పాడు. ఎండుపుల్ల విరిగిన చప్పుడు సక్రికి స్పష్టంగా వినిపించింది. సోమ్లి కూలబడింది. జొన్నలు ఆమె చుట్టూ చెల్లాచెదురుగా పడ్డాయి.

జీపులో కూర్చున్న ఎస్సై అదంతా చూశాడు. చూసి తల పక్కకు తిప్పుకున్నాడు. అతని వెనక సీట్లో ఉన్న మనిషి కూడా తల తిప్పుకున్నాడు. ఆ మనిషి పేరు దేవ్‌సింగ్. సోమ్లి కన్నకొడుకు, సక్రి కట్టుకున్న మొగుడు. నెత్తిన కంపెనీ టోపీ ఉంది.

అసలు ఆ ఎండుకట్టెలు అక్కడికి ఎలా వచ్చాయో చెప్పాలి. కూలి చేసి బతికే అన్నలకూ అక్కలకూ ఇది తెలిసిన బాగోతమే. చదువుకునే తమ్ముళ్లూ చెల్లెళ్లూ, మీరు కాస్త చెవి పెట్టండి. మీ పుస్తకాల్లో దీన్ని మార్కెట్ అంటారు.

ఎక్కడో సముద్రాల అవతల నేల కింద నూనె ఉంది. దాని ధర పైకి లేస్తే పట్నంలో డబ్బున్నవాళ్లకు నిద్ర పట్టదు. రెండువేల ఆరులో అలా నిద్రపట్టనివాళ్లు కొందరు కూర్చుని, డీజిల్‌ను నేలలోంచి తోడడం ఎందుకు, చెట్టుకే కాయిద్దాం అనుకున్నారు. ఆ చెట్టుకు నోరు తిరగని పేరు ఒకటి చెప్పారు. మొక్కలు చూసి దూసరివాగు తండా జనం పడీపడీ నవ్వారు. అది అడవి ఆముదం! గొడ్డు ముట్టదని తాతల నాటి నుంచి చెలకల చుట్టూ కంచెగా నాటుకునే చెట్టే.

మేనేజరు చక్రపాణి మాత్రం నవ్వలేదు. తెల్లచొక్కా చేతులు మడిచి తండా నడుమ నిలబడి తియ్యగా మాట్లాడాడు. "భూమి మీదేనండీ. మొక్క మేమిస్తాం, కూలి మేమిస్తాం, గింజ మేమే కొంటాం. మీ చేతులతో మీరే నాటుకోండి. రేపు దుబాయ్ వాళ్లు మీ తండా చూడ్డానికి వస్తారు."

ఇక్కడే మన జనం ఒక తప్పు చేశారు. వేరే ఎవరూ చెయ్యని తప్పు. తండాలో హద్దు తగాదా వస్తే పంచాయతీలో అడిగే మొదటి మాట ఒక్కటే, కంచె ఎవరు నాటారని. కంచె ఎవరు నాటితే చెలక వాళ్లదే. ఇంక వాదన ఉండదు. ఆ కట్టుబాటునే నమ్ముకుని తండా పెద్ద, నాయక్ మోతీ అందరినీ పిలిచి చెప్పాడు. "చుట్టూత నాటితేనే చెలక మనదైతది గదా. చెలక నిండ మన చేతులతోని కంచెచెట్టే నాటితే ఇగ మనల్ని కదిలిచ్చేటోడు ఎవడు?"

అందరికీ సబబుగానే తోచింది. పోడు భూమికి పట్టా లేక ఏళ్ల తరబడి బిక్కుబిక్కుమంటున్నవాళ్లు. పోటీలు పడి నాటారు. సక్రి తన సాలు పక్కవాళ్ల సాలు కంటే ముందు పూర్తి చేసి మురిసిపోయింది. మన న్యాయమే వాళ్లకూ న్యాయం అనుకున్నారు. దొంగ ఇంటికొస్తే పీట వేసి కూర్చోబెట్టినట్టయింది.

రెండేళ్లు ఊరంతా జాతర. వాగు ఒడ్డున రేకుల షెడ్డు లేచింది. గింజ నలిపే మిషన్ వచ్చింది. పక్కనే ఉన్న సిలువపేట మగవాళ్లు షెడ్డులో పనికి కుదిరారు. వాళ్లలో మిషన్ తిప్పేవాడు ఏసయ్య. తండా ముందు టీ హోటల్, దాని పక్కన సారా దుకాణం. దేవ్‌సింగ్‌కు మేస్త్రీ ఉద్యోగం, టోపీ, ఫోను, వాయిదాల మీద మోటారుసైకిలు. జొన్న వేసినవాడు లేడు. కొట్లో బియ్యం కొనుక్కు తిన్నారు. రెండువేల ఎనిమిది ఎండాకాలంలో దేశమంతా పెట్రోలు ధర చూసి తిట్టుకుంటుంటే చక్రపాణి తండాలో లడ్డూలు పంచాడు. ఆ వారమే టేకులపల్లి సంతకు ఆటో కిరాయి పెంచారు. లడ్డూ తిన్న నోటితోనే జనం ఆటోవాడితో జగడం పెట్టుకున్నారు. రెండూ ఒకటేనని అప్పుడు ఎవరికీ తట్టలేదు.

దసరా పోయిందో లేదో ధర దబ్బున కింద పడింది. అమెరికాలో బ్యాంకులు కూలాయట. అక్కడ బ్యాంకు కూలితే ఇక్కడ పొయ్యి ఎందుకు ఆరిపోవాలి? అడిగితే చెప్పేవాడు లేడు. ఒకనాడు పట్టపగలే లారీ వచ్చింది. షెడ్డు గోడ పగలగొట్టి మిషన్ ఎక్కించుకుని పోయింది. ఆఖరి కూలి ఎగ్గొట్టారు. నీళ్లు పెట్టేవాడు లేక మొక్కలు మాడిపోయాయి.

బోర్డు మాత్రం పోలేదు. పోడు చేసుకునేవాళ్లకు పట్టాలిచ్చే కొత్త చట్టం వచ్చి, కొలతలవాళ్లు తండాకు దిగినప్పుడు ఆ బోర్డు దగ్గరే ఆగిపోయారు.

"ఇక్కడ మీ సాగేదయ్యా? ఇది కంపెనీ తోట కదా."

"మేమే నాటినం సారూ! ప్రతి మొక్క మా చేతితోనే నాటినం," అన్నాడు మోతీ నాయక్.

"అవునయ్యా. కూలికి నాటారు," అని గొలుసు చుట్టుకుని వెళ్లిపోయారు.

ఆ మాట తండాను లోపలి నుంచి కోసింది. చక్రపాణి పట్నం నుంచి ఫోనులో దేవ్‌సింగ్‌కు చెప్పిందేమంటే, నూనె ధర మళ్లీ లేస్తుంది, లేచేదాకా ఆ భూమి కంపెనీ చేతిలోంచి జారకూడదు. ఎవరో ఎక్కడో ధర లేచేదాకా ఆగుతారట. అంతవరకు తండా కడుపులు కూడా ఆగాలట!

ఎడ్ల పలుపులు కోసిన ఆ రోజు సోమ్లిని ఇంటికి మోసుకొచ్చి, చేతికి వెదురుబద్దలు కట్టి పడుకోబెట్టారు. సాయంత్రం దేవ్‌సింగ్ వచ్చాడు. దవాఖానా నుంచి నొప్పి గోళీలు, ఒక బన్ను పొట్లం తెచ్చాడు. గుమ్మం దగ్గరే సక్రి అడ్డం నిలబడింది.

"ఏ మొఖం పెట్టుకుని వచ్చినవ్? నీ యాడి చెయ్యి ఇరుగుతుంటే జీపుల గూసున్నవ్. చూసుకుంట గూసున్నవ్!"

"నేను దిగితే ఏమైతుండే? నన్ను గూడ కొడుతుండ్రి."

"కొడితే కొట్టనియ్యి! తల్లి పక్కన పడి దెబ్బలు తిన్నడనన్న చెప్పుకుందుం."

"నీకు తెల్వదే సక్రీ. సార్ మొన్న ఫోన్ జేసిండు. ధర లేస్తదట. మళ్ల మిషన్ వస్తది, మళ్ల కూలొస్తది. నన్ను సూపర్‌వైజర్ జేస్తనన్నడు. మీరు గిట్ల నాగండ్లు తీస్కపోయి లొల్లి జేస్తే ఉన్న ఆశ గూడ పోతది."

"ధర లేసేదాక నీ బిడ్డకు ఏం బెట్టాలె? ఆ మోళ్లు ఉడకేసి పెట్టాల్నా?"

వాళ్ల బిడ్డ కవిత గోడకు ఆనుకుని వింటోంది. దేవ్‌సింగ్ ఆ పిల్ల వైపు చూడలేకపోయాడు. లోపలి నుంచి సోమ్లి సన్నటి గొంతుతో పిలిచింది.

"సక్రీ, వాని టోపీ తియ్యమని చెప్పే. నా కొడుకు మొఖం నాకు కనబడ్తలేదు."

దేవ్‌సింగ్ టోపీ తియ్యలేదు. పొట్లం అరుగు మీద పెట్టి వెళ్లిపోయాడు. సక్రికి కోపంతో పాటు ఏడుపూ వచ్చింది. ఏడవడం తరవాత చూసుకోవచ్చని కొంగు బిగించింది.

మర్నాడు పొద్దువాలే వేళ తండా జనమంతా తాము కొలిచే సేవాలాల్ జెండా దగ్గర చేరారు. ఎవరూ పిలవకుండానే సిలువపేట మగవాళ్లూ వచ్చారు, మంచి మాటకు కాదు. ముందు ఏసయ్య, వెనక షెడ్డులో పనిచేసిన వాళ్లు.

"నాయక్, మీ తండోళ్లు ఆ చెలకల నాగండ్లు బెడితే కంపెనీ ఇగ ఇటు దిక్కు రాదు," అన్నాడు ఏసయ్య. "మాకు గుంటెడు భూమి లేదు. ఆ షెడ్డే మా చెలక. మీరు గెలిస్తే మా పొయ్యిల నీళ్లు వోసినట్టే."

"ఓహో! మీ షెడ్డు కోసం మేం ఉపాసం జావాల్నా?" కుర్రవాడొకడు ఏసయ్య మీదికి వెళ్లాడు. ఆ వైపు నుంచి ఇద్దరు లేచారు. చొక్కాలు పట్టుకున్నారు. ఆడవాళ్లు కేకలు పెట్టారు. చక్రపాణి అక్కడ ఉండి ఉంటే చేతులు కట్టుకుని ఆ వేడుక చూసేవాడు. పేదవాళ్లు ఒకరి గొంతు ఒకరు పట్టుకుంటే కంపెనీకి కాపలా ఖర్చు కూడా మిగులుతుంది.

సక్రి ఇద్దరి మధ్యలో దూరింది.

"ఏసన్నా, ఒక్క మాట చెప్పు. ఆ మిషన్ బోల్టులు ఎవరు ఇప్పిన్రు?"

ఏసయ్య తడబడ్డాడు. "నేనే ఇప్పిన. ఇప్పమన్నరు, ఇప్పిన."

"మళ్ల తెచ్చేటోళ్లు గోడ పలగ్గొట్టి తీస్కపోతరా? తాళం ఏసి పోతరు గని."

ఏసయ్య చొక్కా మీది చెయ్యి దానంతటదే వదిలింది. అతను తన మనుషుల వైపు తిరిగి చెప్పాడు.

"నేను మీకు చెప్పలే. లారీ డ్రైవర్ నాకు ఆనాడే చెప్పిండు. దాన్ని పాతసామాన్ల కింద అమ్మేసిన్రట. నాకు ఎరికే. ఎరికయ్యి గూడ వస్తదేమోనని పొద్దున లేస్తే షెడ్డు దిక్కే చూస్తున్న."

సిలువపేట వాళ్లలో పెద్దాయన ఒకడు అక్కడే చతికిలబడ్డాడు. పరువు కోసం దాచుకున్న ఆకలి ఆ సాయంత్రం అందరి ముందూ బయటపడింది. ఇంత తండా, అంత పేట, ఇద్దరినీ ఒకే మనిషి ఒకే తీరుగా ముంచాడని అర్థమయ్యాక కొట్టుకోవడానికి ఏం మిగిలింది?

"అయితే ఏం జేద్దాం? షెడ్డు తగలబెడదామా?" అన్నాడు ఇందాకటి కుర్రవాడు.

"తగలబెడితే రేకులు కాల్తయి. భూమొస్తదా?" అన్నాడు మోతీ నాయక్. "నాగలి గట్టు దాటనిస్తలేరు. అర్జీలు ఇచ్చి ఇచ్చి చెప్పులు అరిగినయి. ఇగ ఎట్ల బోవాలె చెలకలకు?"

విరిగిన చెయ్యి ఒడిలో పెట్టుకుని జెండా పక్క ఇంటి గోడకు చేరగిలబడ్డ సోమ్లి ఆ మాట అందుకుంది.

"మేం అడవి గొట్టిననాడు మాకు నాగలేడిదిరా?" అంది. "కట్టెతోని బొక్క చేసినం, గింజ ఏసినం. నాగలి లేకుంటే చెలకకు పోరాదా? శ్రావణం వస్తున్నది. తీజ్ ఎత్తుండ్రి."

తీజ్ అంటే తండా ఆడపిల్లల పండుగ. పెళ్లికాని పిల్లలు దూసరితీగతో అల్లిన బుట్టల్లో పుట్టమన్నూ మేకల ఎరువూ నింపి గోధుమలు చల్లుతారు. నాయక్ ఇంటి ముందు మంచె కట్టి బుట్టలు దాని మీద ఎత్తిపెడతారు. తొమ్మిది రోజులు పాటలు పాడుతూ నీళ్లు పోస్తారు. ఆఖరి రోజు పచ్చగా ఎదిగిన ఆ మొలకలు కొన్ని తుంచి అన్నదమ్ముల తలపాగాలో పెట్టి, మిగతావి వాగులో కలుపుతారు. అందరికీ ఒకే రోజు ఉండదు. ఏ తండా నాయక్ ఆ తండాకు రోజు చెబుతాడు. దూసరివాగు తండా నుంచి వాగుకు పోయే దారి డీజిల్ చెలక నడుమ నుంచే పోతుంది.

సక్రికి సంగతి అర్థమైంది. "గోధుమల్ల జొన్నలు కలుపుదాం. బుట్టలు వాగుకు పోవద్దు. చెలకల్నే దిగాలె. నాగలి ఆపుతరు, తీజ్ ఎట్ల ఆపుతరు?"

మోతీ నాయక్ ముఖం ముడుచుకుంది. "వాగుల గలపాల్సిన తీజ్‌ను మన్నుల పెడతరా? యాడి ఊకుంటదా? మా తాతల కాడికెళ్లి గట్ల చెయ్యలే."

ఆయన యాడి అన్నది తీజ్ తల్లిని. దానికి జవాబు ముసలమ్మే చెప్పింది. "యాడి నీళ్లల్లనే ఉంటదా మోతీ? చెలకల ఉండదా? చెలకే పోయినంక ఇగ ఏ బుట్టల మొలుస్తది?"

కంచె నాటమని చెప్పిన నోరు నాయక్‌ది. మళ్లీ తప్పు చెబుతానేమోనని భయపడ్డాడు. చివరికి కవిత వైపూ, ఆ పిల్ల చుట్టూ గుంపుగా నిలబడ్డ ఆడపిల్లల వైపూ చూసి తల ఊపాడు. "సరే. ఎత్తుండ్రి. బోడుగట్టు తండా, ఎర్రమట్టి తండా నాయక్‌లకు నేను కబురు చెప్త. వాళ్ల చెలకల్ల గూడ గీ మోళ్లే ఉన్నయి."

"మాకు తీజ్ లేదు గని, బోరింగు ఉన్నది," అన్నాడు ఏసయ్య. "చర్చి కాడ నీళ్లు ఆడతయి. బుట్టలకు నీళ్లు మా ఆడోళ్లు మోస్తరు. ఆనాడు డప్పులు మేం దెస్తం."

ఆ ఏడు దూసరివాగు తండాలో ఎత్తినన్ని బుట్టలు ఎన్నడూ ఎత్తలేదు. ఒక మంచె చాలక రెండోది కట్టారు. ఇంట్లో విత్తనానికి దాచుకున్న జొన్నలు, అటుకల మీద అడుగున మిగిలినవి, అన్నీ వచ్చాయి. వాన లేదు. సిలువపేట ఆడవాళ్లు బిందెలెత్తుకుని వచ్చి వంతుల వారీగా నీళ్లు పోశారు. తండా పిల్లలు గోరుబోలిలో పాడుతుంటే వాళ్లు అర్థం కాకపోయినా చప్పట్లు కొట్టారు. తీజ్ నియమం ప్రకారం ఉప్పూ కారం లేని తిండి తింటూ కవితా, దాని తోటి పిల్లలూ బుట్టల చుట్టూ తిరిగారు. మొలక లేచిన రోజు సక్రి వెళ్లి వేలితో తాకి చూసింది. గోధుమ సన్నగా, జొన్న కాస్త వెడల్పుగా. ఇంత పచ్చదనం చూసి ఎన్నాళ్లయిందో!

ఎస్సై ఒకసారి వచ్చాడు. మంచెల చుట్టూ తిరిగి చూశాడు.

"పండుగ చేసుకోండి, ఎవరొద్దన్నారు? వాగు దాకా పోయి రండి. దారిలో మాత్రం ఆగకూడదు," అన్నాడు.

"గట్లనే సారూ," అంది సక్రి, కళ్లు దించుకుని. జీపులో దేవ్‌సింగ్ ఉన్నాడు. బుట్టల్లో జొన్న మొలకను గుర్తుపట్టనంత పట్నంవాడు కాలేదు అతను. ఎస్సైకి చెబుతాడేమోనని సక్రి బుట్టలకు అడ్డంగా జరిగింది. అతను ఏమీ చెప్పలేదు. భయంతో నోరు కట్టేసుకున్నాడో, మరి దేనితోనో, అప్పటికి సక్రికి తెలియలేదు.

ఆఖరి రోజు పొద్దెక్కాక ఊరేగింపు కదిలింది. ముందు ఏసయ్య, సిలువపేట డప్పులు. వెనక బుట్టలెత్తుకున్న ఆడపిల్లలు, బిందెలెత్తుకున్న సిలువపేట ఆడవాళ్లు, అద్దాల గాగ్రాలు వేసుకున్న తండా ఆడవాళ్లు. వాళ్ల వెనక తలపాగాలు చుట్టిన మగవాళ్లు. ఆ అద్దాల మీద ఎండ పడి కాపలావాళ్లు కళ్లకు చెయ్యి అడ్డం పెట్టుకున్నారు. గేటు తీశారు. పండుగే కదా అని బీడీలు వెలిగించుకున్నారు.

చెలక నడిమికి వచ్చాక డప్పు ఆగింది. అదే గుర్తు.

కవిత బుట్ట దించింది. పక్క పిల్ల దించింది. చూస్తూ చూస్తూ ఉండగానే బుట్టలన్నీ నేల మీదికి దిగాయి. ఆడవాళ్లు గాగ్రా కుచ్చెళ్లలోంచి మొన చెక్కిన కట్టెలు తీశారు. ఎండిన మోడు ఊపితే ఊడివచ్చింది. మోడు ఉన్న గుంటలోనే మొలక దిగింది. బిందెలవాళ్లు నీళ్లు పోశారు. మగవాళ్లు మోళ్లు పీకి గట్టు మీదికి విసిరారు. పాట ఆగలేదు. కాపలావాళ్లకు బుర్రకెక్కేసరికి సగం చెలక పచ్చటి చుక్కలు పెట్టినట్టయింది.

"ఏయ్! ఏం చేస్తున్నర్రా!" విజిళ్లు మోగాయి. జీపు దుమ్ము రేపుకుంటూ వచ్చింది. దాని వెనక వ్యాను.

సక్రి ఒక మొలక తుంచింది. పాగా చుట్టిన అన్నదమ్ములకు పెట్టాల్సిన మొలక. ఏసయ్య నెత్తిన పాగా లేదు. భుజాన తువ్వాలు ఉంది. అది తీసి తనే అతని తలకు చుట్టింది, చుట్టి మొలక దోపింది.

"అన్నా, ఇగ నీకూ ఈ చెలకల పాలున్నది," అంది.

ఏసయ్య కళ్లు తుడుచుకోలేదు. డప్పు ఎత్తి పట్టుకుని మళ్లీ దరువు ఎత్తుకున్నాడు. ఆ దరువు మీదే లాఠీలు పడ్డాయి.

కొట్టారు. పండుగని చూడలేదు, ఆడపిల్లలని చూడలేదు. బుట్టలు బూట్లతో తన్నారు. సక్రి వీపు మీద పడ్డ దెబ్బకు ఊపిరి అందలేదు. మోతీ నాయక్ తలపాగా రక్తంతో తడిసింది. జనం చెదిరినట్టే చెదిరి మళ్లీ మళ్లీ చెలకలోకే వచ్చి కూర్చున్నారు. ఇంటికి పారిపోయినవాడు లేడు. పోవడానికి ఇంట్లో ఏముంది?

ఎస్సై దేవ్‌సింగ్‌ను మెడ పట్టుకుని ముందుకు తోశాడు.

"ఇది మొదలుపెట్టింది ఎవరో చూపించు. నీకు అందరూ తెలుసు. చెప్పు!"

దేవ్‌సింగ్ చుట్టూ చూశాడు. మూలగా, అందరికీ దూరంగా, అతని తల్లి కూర్చుని ఉంది. వెదురుబద్దల చెయ్యి ఒడిలో పెట్టుకుని, ఎడమచేత్తో మన్ను తవ్వి ఒక్కొక్క మొలకా పెడుతోంది. లాఠీలూ విజిళ్లూ ఆమెకు వినిపిస్తున్నట్టే లేవు. సక్రి మొగుడి నోరే చూస్తోంది.

"నాకు ఎరిక లేదు సారూ," అన్నాడు దేవ్‌సింగ్.

ఎస్సై అతని చెంప మీద ఛెళ్లున కొట్టాడు. టోపీ ఎగిరి మోళ్ల మధ్యన పడింది. దేవ్‌సింగ్ వంగి దాన్ని తీసుకోలేదు.

సక్రినీ, ఏసయ్యనూ, మరికొందరినీ ఈడ్చి వ్యాను ఎక్కించారు. ఏసయ్య డప్పు చెలకలోనే పడిపోయింది.

ఠాణాలో మగవాళ్లను గదిలో వేసి, ఆడవాళ్లను వరండాలో కూర్చోబెట్టారు. సాయంత్రం జీపు దిగిన ఎస్సై నవ్వుతూ వచ్చాడు. బూట్ల నిండా చెలక మన్ను.

"అయిపోయింది మీ వ్యవసాయం," అన్నాడు. "ఒక్కటి మిగలకుండా పీకించాను. ఆ ముసలిదాన్ని మోసుకెళ్లి ఇంట్లో పడేశారు. ఇంక తిన్నగా కేసు నడిపించుకోండి."

విత్తనపు జొన్నలు అవి. ఇంట్లో గింజ మిగల్చకుండా తెచ్చి పోశారు. పక్కనున్న ఆడవాళ్లు కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చారు. అంతమందిని ఒప్పించి, కొట్టించి, ఉన్న గింజలు కూడా పోగొట్టానా అని సక్రి గోడకు తల ఆనించింది. ఎవరూ ఆమెను ఒక్క మాట అనలేదు. అనకపోవడమే భరించలేకపోయింది.

మర్నాడు ఎండ ముదిరే వేళకు ఎస్సై బల్ల మీది వైర్‌లెస్ గరగరలాడింది. ఎస్సై విన్నాడు. "ఏంటి? మళ్లీ ఒకసారి చెప్పు," అన్నాడు. మళ్లీ విన్నాక కుర్చీలోంచి లేచి వరండాలోకి వచ్చాడు. ముఖంలో నిన్నటి నవ్వు లేదు.

"ఆ చెలకలోకి మళ్లీ బుట్టలతో జనం దిగారట. ఏమే, మీ తీజ్ నిన్ననే అయిపోయిందిగా?"

సక్రి మెల్లగా తలెత్తింది. వాచిపోయిన పెదవి మీద నవ్వు వచ్చింది, నొప్పి పుట్టినా ఆపుకోలేదు.

"మాది అయిపోయింది సారూ. ఇయ్యాల బోడుగట్టు తండోళ్లది."

"వాళ్లకు ఇక్కడేం పని?"

"మళ్ల ఎర్రమట్టి తండోళ్లది ఉంటది. ఆ అవుతలోళ్లది ఆ ఎన్క. శ్రావణం ఇంక చానా ఉన్నది సారూ."

ఎస్సై బూతులు తిడుతూ జీపు తియ్యమని కేక వేశాడు. ఉన్న ఒక్క వ్యాను వేరే కేసు పని మీద కోర్టుకు పోయింది. కానిస్టేబుల్ ఒకడు వైర్‌లెస్ దగ్గర చెవి పెట్టి, ఊరుకోలేక, కిటికీలోంచి సక్రితో అన్నాడు. "ముందర డప్పు కొట్టుకుంట నడిచేది కంపెనీ మేస్త్రీనంట. నీ మొగడేనా?"

సక్రి గది వైపు తిరిగి చూసింది. గదిలో కటకటాలు పట్టుకుని నిలబడ్డ ఏసయ్య అంత దెబ్బల్లోనూ విరగబడి నవ్వాడు. తలకు చుట్టిన తువ్వాల్లో వాడిన మొలక ఇంకా అలాగే ఉంది.

"అది నా డప్పే అయ్యుంటది చెల్లే. వానికి డప్పు కొట్టనే రాదు గదా!"

సక్రి కొంగుతో కళ్లు తుడుచుకుంది.

"నేర్చుకుంటడు అన్నా," అంది.